పోయిన మనిషి రాబడి ఎంత?

రోడ్డు ప్రమాదంలో మనిషి చనిపోతే ఆ ఇంటివాళ్లకు దక్కవలసిన పరిహారాన్ని తేల్చేది మోటారు ప్రమాదాల క్లెయిమ్స్ ట్రిబ్యునల్. అక్కడ వేసే పిటిషన్‌ను వకీళ్లు, గుమాస్తాలు ‘ఓపీ’ అంటారు. డ్రైవరు తప్పు సంగతి ఎఫ్‌ఐఆర్, పంచనామా, ఛార్జిషీటు చూస్తే చాలావరకు తెలిసిపోతుంది. చనిపోయిన మనిషి వయసును స్కూలు సర్టిఫికెట్టు చెబుతుంది. ఎటూ తెగనిది ఒకటే ప్రశ్న: ఆ మనిషి నెలకు ఎంత తెచ్చేవాడు? ఈ దేశంలో ప్రమాద పరిహారం చరిత్ర చాలామటుకు ఈ ప్రశ్నకు జవాబు వెతికిన చరిత్రే.

ఈ లెక్క ఎక్కడ పక్కాగా నడుస్తుందో, ఎక్కడ గుడ్డిగా నడుస్తుందో చూడటానికి జూబ్లీహిల్స్, ఫిల్మ్‌నగర్ కన్నా మంచి చోటు దొరకదు. చెక్‌పోస్టు మీదుగా పోయే ఒకే రోడ్డు మీద ఆడిటరును పెట్టుకుని ఏటా ఆదాయపు పన్ను లెక్క దాఖలు చేసే హీరో కారు వెళుతుంది. దాని వెనకే కృష్ణానగర్‌లో తెల్లవారుజామున మనుషుల్ని ఎక్కించుకున్న ప్రొడక్షన్ వ్యాను వస్తుంది. అందులోని లైట్‌మన్‌కూ జూనియర్ ఆర్టిస్టుకూ ఆ నెల ఎన్ని కాల్‌షీట్లు పడతాయో వాళ్లకే తెలియదు. ప్రాణానికి తేడా లేదు గానీ, ట్రిబ్యునల్ కట్టే అంకెకు మాత్రం ఆకాశానికీ భూమికీ ఉన్నంత తేడా వస్తుంది.

మనిషి చావుకు డబ్బు ఇప్పించడం ఒకప్పటి ఇంగ్లీషు న్యాయానికి తెలియదు. 1808లో లండన్ కోర్టుకు ఒక గుర్రపు బండి ప్రమాదం కేసు వచ్చింది. బండి బోల్తాపడి దెబ్బలు తిన్న ఒకామె కొన్నాళ్లకు కన్నుమూసింది. భర్తకు తన గాయాల కింద, భార్య బతికి ఉన్న ఆ కొద్ది రోజులూ ఆమె తోడు కోల్పోయినందుకు కలిపి 100 పౌండ్లు ముట్టాయి. ఆమె చనిపోయిన తరువాతి నష్టానికి మాత్రం దమ్మిడీ రాదని జడ్జి లార్డ్ ఎలెన్‌బరో తేల్చారు. అంటే గాయపరిచినవాడు డబ్బు కట్టాలి, ప్రాణం తీసినవాడు కట్టనక్కర్లేదు. రైళ్లు వచ్చి చావులు పెరిగాక ఈ విడ్డూరాన్ని 1846లో లార్డ్ క్యాంప్‌బెల్ చట్టం సరిదిద్దింది. దాన్నే కొద్ది మార్పులతో కంపెనీ ప్రభుత్వం 1855లో ‘ఫేటల్ యాక్సిడెంట్స్ యాక్ట్’ పేరుతో ఇక్కడికి తెచ్చింది. చనిపోయినవారి భార్య లేదా భర్త, తల్లిదండ్రులు, బిడ్డలు దావా వేయవచ్చు. తమ్ముడి సంపాదన మీద బతికే అక్కకు అందులో చోటు లేదు. దావా సివిల్ కోర్టులో వేయాలి, అడిగే మొత్తాన్ని బట్టి కోర్టు ఫీజు కట్టాలి. ఇంటి పెద్దదిక్కు పోయినవాళ్లు ముందుగా ఫీజు డబ్బు ఎక్కడ తెస్తారన్న ఆలోచన చట్టానికి కలగలేదు.

మోటారు బండ్లకు పూర్తిస్థాయి చట్టం 1939లో వచ్చింది. బండి గుద్దితే ఇతరులకు కలిగే నష్టానికి బీమా చేయించడం 1946 జులై 1 నుంచి తప్పనిసరి అయింది. అప్పటికే హైదరాబాద్ సంస్థానంలో బస్సులు సర్కారువే. నిజాం రైల్వే వారి రోడ్డు రవాణా శాఖ 1932లో 27 బస్సులతో మొదలైంది. 1958 జనవరి 11న ఏర్పడిన ఆంధ్రప్రదేశ్ ఆర్టీసీకి మూలం అదే. ప్రభుత్వ రవాణా సంస్థలు తమ సొంత నిధి పెట్టుకుంటే బీమా అక్కర్లేదని చట్టం మినహాయింపు ఇచ్చింది. అందువల్ల తెలుగు జిల్లాల్లో ట్రిబ్యునల్ ముందు ప్రతివాదిగా నిలబడేది చాలాసార్లు బీమా కంపెనీ కాదు, ఆర్టీసీయే.

అసలు ట్రిబ్యునళ్లు 1956 సవరణతో పుట్టాయి. సివిల్ దావాల గుంపులోంచి ఈ కేసులను విడదీసి, జిల్లా జడ్జి స్థాయి అధికారి చేతిలో పెట్టి, వేగంగా తేల్చాలన్నది ఉద్దేశం. ‘న్యాయమైన పరిహారం’ ఇవ్వాలని చట్టం చెప్పింది గానీ ఏది న్యాయమో చెప్పలేదు. హైదరాబాద్‌లో ఈ ఓపీలు పురానీ హవేలీలోని సిటీ సివిల్ కోర్టుకూ స్మాల్ కాజెస్ కోర్టుకూ చేరేవి. అక్కడ ఇచ్చిన అంకె నచ్చనివాళ్లు మూసీ ఒడ్డున హైకోర్టుకు అప్పీలు వెళ్లేవారు.

అంకె కట్టే పద్ధతులు మొదట్లో రెండు. మనిషి ఇంకా ఎన్నేళ్లు బతికేవాడో అంచనా వేసి, అన్నేళ్ల రాబడిని కూడి, ఒకేసారి చేతికొస్తుంది కాబట్టి కొంత తగ్గించడం ఒకటి. కుటుంబానికి ఏడాదికి చేరే సొమ్మును ఒక గుణకంతో హెచ్చవేయడం రెండోది. కోర్టులో దీన్ని ‘మల్టిప్లయర్’ అనే అంటారు. గుణకం వెనక ఆలోచన మరీ కష్టమైనదేమీ కాదు. వచ్చిన మొత్తాన్ని బ్యాంకులో వేస్తే, వడ్డీతో పాటు అసలులోంచి కొంచెం కొంచెం తీసుకుంటూ పోతే, ఆ మనిషి సంపాదించి ఉండేంత కాలం ఇల్లు గడవాలి, కాలం తీరేనాటికి డబ్బూ అయిపోవాలి. అందుకే ముప్పై ఏళ్ల సంపాదన మిగిలి ఉన్నవాడికి కూడా గుణకం ముప్పై రాదు, పదహారో పదిహేడో వస్తుంది.

ఏ వయసుకు ఏ గుణకం అన్న దగ్గర చాలాకాలం ఎవరి దారి వారిదే. ఒకే వయసు మనిషికి ఒక జిల్లాలో పది, పక్క జిల్లాలో పదిహేను. ఈ గందరగోళంలో కాస్త వరస తెచ్చిన తీర్పు మన హైకోర్టుదే. 1987లో భగవాన్‌దాస్ కేసులో జస్టిస్ ఎం. జగన్నాథరావు వయసులవారీ గుణకాల పట్టిక ఒకటి కూర్చారు. సుప్రీంకోర్టు ఈ పని చేపట్టడానికి ఏళ్ల ముందే మన జిల్లా ట్రిబ్యునళ్ల తీర్పుల్లో ‘భగవాన్‌దాస్ ప్రకారం’ అన్న మాట మామూలైపోయింది. బయట ఎవరికీ తెలియని ఈ పట్టిక తెలుగు నేల మీద కొన్ని వేల కుటుంబాల బతుకు లెక్కను నిర్ణయించింది.

తరువాత సుసమ్మా థామస్ కేసులో సుప్రీంకోర్టు గుణకం పద్ధతే సరైనదని చెప్పి, మామూలుగా 16 దాటవద్దంది. 1994 నవంబరులో పార్లమెంటు, 1939 చట్టం స్థానంలో వచ్చిన 1988 మోటారు వాహనాల చట్టానికి రెండో షెడ్యూలు తగిలించింది. వయసు, ఆదాయం చూసుకుంటే మొత్తం ఎంతో గళ్లలో కనిపించేలా వేసిన ఎక్కం లాంటిది అది. ఏడాదికి 40,000 రూపాయల రాబడి వరకే వర్తించేది. సంపాదన లేనివారికి ఏడాదికి 15,000 ఊహించుకోమంది. తీరా ఆ గళ్లలో కూడికలు, హెచ్చవేతలే తప్పులు! 1996లో త్రిలోక్‌చంద్ర తీర్పులో సుప్రీంకోర్టు ఆ తప్పులు ఎత్తిచూపి, పట్టికను గుడ్డిగా నమ్మవద్దని, గుణకం 18 వరకు వెళ్లవచ్చని చెప్పింది. చట్టసభ ఆమోదించిన ఎక్కాన్ని కోర్టు దిద్దవలసి వచ్చినా, ఆ తప్పుల షెడ్యూలు 2018 దాకా పుస్తకంలో అలాగే ఉండిపోయింది.

ఇప్పుడు వాడుతున్న పట్టిక 2009 ఏప్రిల్ 15న వచ్చిన సరళా వర్మ తీర్పుది. 15 నుంచి 25 ఏళ్లకు 18తో మొదలై, 26–30కి 17, 31–35కి 16 అంటూ దిగుతూ 65 దాటాక 5 దగ్గర ఆగుతుంది. మనిషి తన మీద పెట్టుకునే ఖర్చు కింద ఎంత తీసేయాలో కూడా జస్టిస్ రవీంద్రన్ అందులోనే తేల్చారు. ఆధారపడినవాళ్లు ఇద్దరు ముగ్గురైతే మూడో వంతు, నలుగురి నుంచి ఆరుగురైతే నాలుగో వంతు, అంతకు మించితే ఐదో వంతు. పెళ్లికానివాడైతే సగం తన మీదే ఖర్చుపెట్టుకుంటాడని అంచనా. సినిమా అవకాశాల కోసం వచ్చి, ఒక గదిలో నలుగురు పడుకుని, మిగిలిందంతా ఊళ్లో అమ్మకు పంపే కుర్రాడికి ఈ సగం లెక్క సరిపోదు. విధవరాలైన తల్లి, చదువుకునే చెల్లెళ్లు అతని మీదే బతుకుతున్నారని రుజువు చేస్తే మూడో వంతుకు తగ్గించే వీలూ ఆ తీర్పులోనే ఉంది.

మిగిలిన పెద్ద ప్రశ్న రేపటి రాబడి. ముప్పై ఏళ్లప్పుడు వచ్చే జీతమే అరవై ఏళ్లప్పుడూ వస్తుందా? ఉద్యోగికి పెరుగుతుంది సరే, సొంత పని చేసుకునేవాడి మాటేమిటి? దీని మీద సుప్రీంకోర్టు బెంచీలే ఒకదానితో ఒకటి విభేదించాయి. 2017 అక్టోబరు 31న ప్రణయ్ సేఠీ కేసులో ఐదుగురు జడ్జీల రాజ్యాంగ ధర్మాసనం గొడవ తీర్చింది. పర్మినెంటు ఉద్యోగికి 40 ఏళ్లలోపు అయితే జీతానికి 50 శాతం, 50 లోపు 30, 60 లోపు 15 శాతం కలపాలి. సొంత పనివారికి, ఫిక్స్‌డ్ జీతం వారికి అవే వయసుల్లో 40, 25, 10 శాతం. ఇవి కాక భార్య లేదా భర్త సాహచర్యం కోల్పోయినందుకు 40,000, ఆస్తి నష్టం కింద 15,000, అంత్యక్రియలకు 15,000. మూడేళ్లకోసారి వీటిని 10 శాతం పెంచాలి. మరుసటేడు మరో తీర్పు ఆ 40,000ను తల్లిదండ్రులను పోగొట్టుకున్న పిల్లలకు, బిడ్డను పోగొట్టుకున్న తల్లిదండ్రులకు కూడా వర్తింపజేసింది.

ఈ సూత్రాలను కృష్ణానగర్‌కు తెచ్చి చూడాలి. తెలుగు సినిమా మద్రాసు నుంచి ఒక్కరోజులో ఇక్కడికి రాలేదు. 1956 నాటి సారథి స్టూడియో అమీర్‌పేటలో ఉండగానే, 1976లో బంజారాహిల్స్ రాళ్ల మధ్య అన్నపూర్ణ స్టూడియో తెరుచుకుంది. ఆ తరువాత పద్మాలయా, రామానాయుడు స్టూడియోలు, ఫిల్మ్ ఛాంబరు, హీరోల ఇళ్లు జూబ్లీహిల్స్, ఫిల్మ్‌నగర్ గుట్టల మీద లేచాయి. గుట్ట దిగువన కృష్ణానగర్, యూసుఫ్‌గూడ బస్తీ, ఇందిరానగర్‌లలో పనివాళ్లు స్థిరపడ్డారు. ఇరవై నాలుగు క్రాఫ్టుల్లో చాలావాటికి జీతం రోజు లెక్కన. సాయంత్రం ప్యాకప్ చెప్పాక వోచరు మీద సంతకం, చేతికి డబ్బు, బేటా. ఆ వోచరు నిర్మాత ఆఫీసులో ఉండిపోతుంది, పనివాడి దగ్గర మిగిలేది యూనియన్ కార్డు. సినిమా కార్మికుల కోసం 1981లో చేసిన కేంద్ర చట్టం రాతపూర్వక ఒప్పందం లేకుండా ఎవరినీ పనిలో పెట్టుకోవద్దంది. ఆ కాగితమే చేతిలో ఉంటే ట్రిబ్యునల్‌లో సగం పోరాటం తగ్గేది.

ఒక ఊహా లెక్క వేస్తే తేడా ఎంతో తెలుస్తుంది. 32 ఏళ్ల లైట్‌మన్. భార్య, ఇద్దరు పిల్లలు, తల్లి. నెలకు సగటున 15,000 సంపాదించేవాడని నిలబడిందనుకుంటే, ఏడాదికి 1,80,000. దానికి 40 శాతం కలిపితే 2,52,000. నాలుగో వంతు తీసేస్తే 1,89,000. 16తో హెచ్చవేస్తే 30,24,000 రూపాయలు. బీమా కంపెనీ వకీలు యూనియన్ కార్డు మీద అంకెలేవీ లేవుగా అని వాదించి, జడ్జి కూలివాడి లెక్కన నెలకు 8,000 వేశారనుకుంటే అదే దారిలో వచ్చేది 16,12,800. నెలకు ఏడు వేల తేడా పద్నాలుగు లక్షల పైచిలుకు అయి కూర్చుంది. ఓపీలో ప్రతి వెయ్యి కోసం అంత పెనుగులాట అందుకే.

కాగితం లేనంత మాత్రాన రాబడి లేదనవద్దని సుప్రీంకోర్టు పదేపదే చెప్పింది. 2011లో ఒక తీర్పు, ప్రమాదం 2004 నాటిదైనా, కూలి మనిషికి నెలకు 4,500 వస్తుందనడంలో అతిశయమేమీ లేదంది. 2014లో కూరగాయలు అమ్ముకునే అతనికి 6,500 కట్టింది. ఇవి కర్ణాటక కేసులు. రేట్లు పాతబడ్డాయి గానీ, పక్క రాష్ట్రపు ఈ అంకెలను పట్టుకుని ఇక్కడి వకీళ్లు వాదించారు. సినిమా పనివాడికి ఇంకో ఆధారం యూనియన్ వేతన ఒప్పందాలు. సినిమా కార్మికుల ఫెడరేషన్‌కూ నిర్మాతలకూ మధ్య కొన్నేళ్లకోసారి కుదిరే రేట్లలో ఏ క్రాఫ్టుకు రోజుకు ఎంతో రాసి ఉంటుంది. 2025 ఆగస్టులో 30 శాతం పెంపు కోరుతూ షూటింగులు ఆపింది ఆ రేట్ల కోసమే. రోజు రేటు తేలినా, నెలకు ఎన్ని రోజులు పని దొరికేదన్నది యూనియన్ నాయకుడో ప్రొడక్షన్ మేనేజరో బోనెక్కి చెప్పాలి.

హీరోలు, డైరెక్టర్ల వైపు చిక్కు వేరే రకం. కాగితాలు కావలసినన్ని ఉంటాయి, అంకెలే ఏడాదికో తీరు. ఒక ఏడు హిట్టు, మరుసటేడు ఖాళీ. ఏది అసలు రాబడి? ఆదాయపు పన్ను రిటర్నులు చట్టం కోరిన పత్రాలు కాబట్టి వాటిని పట్టుకునే లెక్క వేయాలని 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. మామూలుగా కోర్టులు రెండు మూడేళ్ల రిటర్నుల సగటు తీస్తాయి. పన్ను దగ్గర తక్కువ చూపిన సొమ్ము పరిహారం దగ్గర ఎక్కువ కాలేదు, నల్లడబ్బుకు గుణకం లేదు.

షూటింగుకు పోతూ వ్యాను బోల్తాపడి చనిపోయినవారి కుటుంబానికి ఇంకో తలుపు ఉంది. 2025 నవంబరు దాకా అది 1923 నాటి కార్మిక పరిహార చట్టం. దాని రెండో షెడ్యూలులో సినిమాలు తీసే పనివారూ ఉండేవారు. అక్కడ డ్రైవరు తప్పు రుజువు చేయనక్కర్లేదు, పనిమీద ఉండగా పోయాడని చూపితే చాలు. జీతంలో సగాన్ని వయసుకు తగిన అంకెతో హెచ్చవేస్తారు. అయితే లెక్కకు తీసుకునే జీతానికి ఆ చట్టంలో పరిమితి ఉండేది, 2020 నుంచి నెలకు 15,000. మోటారు చట్టమా, కార్మిక చట్టమా, ఏదో ఒకటే ఎంచుకోవాలి. తొందరపడి లేబర్ ఆఫీసు మెట్లెక్కినవాళ్లకు ట్రిబ్యునల్ దారి మూసుకుపోతుంది.

సంపాదన లేని మనిషి సంగతి మరీ ఆలస్యంగా కోర్టుల బుర్రకెక్కింది. 1994 షెడ్యూలు ఇల్లాలి విలువను భర్త రాబడిలో మూడో వంతుగా కట్టింది. భర్త పేదవాడైతే ఆమె వండిన అన్నమూ చవకే అన్నమాట. 1989లో జంషెడ్‌పూర్ అగ్నిప్రమాదంలో చనిపోయిన ఇల్లాళ్ల సేవను 2001లో సుప్రీంకోర్టు నెలకు 3,000గా లెక్కించింది. జనగణనలో గృహిణులను బిచ్చగాళ్లు, ఖైదీలతో కలిపి ఉత్పత్తి చేయనివారి జాబితాలో వేయడాన్ని 2010లో మరో బెంచి తప్పుపట్టింది. 2021 జనవరి 5న కీర్తి కేసులో అప్పటి కృష్ణా జిల్లా పొన్నవరం నుంచి వచ్చిన జస్టిస్ ఎన్.వి. రమణ విడిగా తీర్పు రాసి ఈ విషయాన్ని విప్పి చెప్పారు. ఇంటిపనే ప్రధాన వృత్తిగా 2011 జనగణనలో నమోదైన ఆడవాళ్లు 15.98 కోట్లు, మగవాళ్లు 57.9 లక్షలు. 2019 సర్వే ప్రకారం జీతం లేని ఇంటిపనికి ఆడవాళ్లు రోజుకు 299 నిమిషాలు వెచ్చిస్తుంటే, మగవాళ్లు 97 నిమిషాలు. ఇల్లాలికి ఊహా రాబడి కట్టాలి, దానికి భవిష్యత్తు పెరుగుదలా కలపాలి అని ఆ తీర్పు.

ఇందుకు పూర్తిగా అవతలి కొసన డాలరు కేసులున్నాయి. అమెరికాలో డాక్టరుగా ఉన్న ఒకాయన ఇండియాలో ప్రమాదంలో చనిపోతే, 2002లో సుప్రీంకోర్టు అక్కడి రాబడిని లెక్కలోకి తీసుకుంటూనే గుణకాన్ని 10కి దించింది. మన దగ్గర దానికి ఈడైన కేసు గోదావరి జిల్లాలో మొదలైంది. 2009 జూన్‌లో అన్నవరం నుంచి రాజమండ్రి వస్తున్న కారును ఆర్టీసీ బస్సు ఢీకొని, అమెరికాలో ఉద్యోగం చేస్తున్న ఒకావిడ కన్నుమూశారు. సికింద్రాబాద్ ట్రిబ్యునల్ 8 కోట్ల పైచిలుకు ఇచ్చింది, హైకోర్టు దాన్ని 5.75 కోట్లకు తగ్గించింది, 2025లో సుప్రీంకోర్టు 9.64 కోట్లకు పెంచింది. పదహారేళ్లు పట్టింది. సూత్రం మాత్రం లైట్‌మన్‌కు వాడినదే.

తప్పెవరిదన్న విచారణ లేకుండా ఎంతో కొంత చేతిలో పెట్టాలన్న ఆలోచన 1982లో 15,000 రూపాయలతో చట్టంలోకి వచ్చింది. అది 1988 చట్టంలో 25,000, 1994లో 50,000 అయింది. 2022 ఏప్రిల్ 1 నుంచి అమలైన కొత్త సెక్షను కింద 5 లక్షలు. గుద్ది పారిపోయిన బండి దొరక్కపోతే అదే రోజు నుంచి 2 లక్షలు, అంతకుముందు పాతిక వేలే. ఆ కొత్త సెక్షను తెచ్చిన సవరణే ఓపీ వేయడానికి ఆరు నెలల గడువు మళ్లీ పెట్టింది. 1994లో తీసేసిన గడువే ఇది, దీని మీద సుప్రీంకోర్టులో సవాళ్లు నడుస్తున్నాయి. సొంత కారు తానే నడుపుతూ, తన పొరపాటు వల్లే ఔటర్ రింగు రోడ్డు మీద పోయినవారికి ఈ గుణకాలేవీ వర్తించవు. తన తప్పుకు తానే పరిహారం అడగలేడు. పాలసీతో పాటు కట్టిన వ్యక్తిగత ప్రమాద బీమా ఒక్కటే వస్తుంది, 2018 నుంచి 15 లక్షలు.

అవార్డు వచ్చాక కూడా డబ్బు తనంతట తాను నడిచి రాదు. గడువులో కట్టని ఆర్టీసీ మీద కుటుంబం ఎగ్జిక్యూషన్ పిటిషన్ వేస్తుంది. కోర్టు అమీనా వారంటుతో బస్టాండుకు వెళ్లి, బయల్దేరబోతున్న బస్సును జప్తు చేస్తాడు. ప్రయాణికులు సంచులు దించుకుని పక్క బస్సెక్కుతారు. పిటిషన్ వేసిన రోజు నుంచి వడ్డీ, మామూలుగా 6 నుంచి 9 శాతం, దానికి కలుస్తుంది. జమ అయిన డబ్బునూ ఒకేసారి చేతికివ్వరు. సుసమ్మా థామస్ తీర్పు నాటి నుంచి ఉన్న పద్ధతి ప్రకారం మైనరు పిల్లల వాటా మేజరు అయ్యేదాకా జాతీయ బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా ఉంటుంది, వడ్డీ మాత్రం తల్లి ఖాతాలో పడుతుంది. మధ్యలో అసలు కావాలంటే కాలేజీ ఫీజు రసీదో, ఆసుపత్రి ఎస్టిమేటో జత చేసి ఆ ట్రిబ్యునల్‌లోనే మళ్లీ పిటిషన్ పెట్టుకోవాలి.